పండు కుడుములు నీళ్లలో విడిపోతున్నాయా? ముందు బంగాళాదుంపను అనుమానించండి

బంగాళాదుంప ముద్దలో పండు పెట్టి నీళ్లలో ఉడికించి, వేయించిన బ్రెడ్ పొడిలో దొర్లించే కుడుములివి. ఆస్ట్రియాలో వీటిని క్నోడెల్ అంటారు. జూలైలో వాఖావ్ లోయలో ఆప్రికాట్లు పండితే వాటితో, వేసవి చివర్లో నీలం ప్లమ్స్‌తో చేస్తారు. చెక్ ఇళ్లలోనూ ఇలాంటివి ఉన్నాయి, అక్కడైతే మధ్యాహ్నం అన్నం బదులు ఇవే తినేస్తారు. మనకు తాజా ఆప్రికాట్ అరుదు, హైదరాబాద్‌లో ఖుబానీ అంటే ఎండుదే. అందుకని నేను వేసవిలో బండ్ల మీదికొచ్చే ఆల్‌బుకారా (ప్లమ్) పళ్లతో చేస్తాను.

నా కొలత: ఉడికిన దుంపలు అరకిలో, మైదా 150 గ్రాములు, బొంబాయి రవ్వ 2 చెంచాలు, వెన్న 30 గ్రాములు, ఒక గుడ్డు పచ్చసొన, చిటికెడు ఉప్పు. చిన్న పళ్లైతే పది కుడుములొస్తాయి.

ముద్ద చేతికి అంటుకుపోతోంది

దుంపలో నీరెక్కువైంది. చెక్కు తీసి, ముక్కలు కోసి కుక్కర్లో పెడితే దుంప నీళ్లు తాగేస్తుంది. కొత్త దుంపలైతే మరీను. బొటనవేలితో రుద్దితే పొట్టు ఊడొచ్చేది కొత్త దుంప, అది కూరకు ఉంచుకోండి. ఉడికేటప్పుడు పొట్టు పగిలి లోపల పొడిపొడిగా ఉండేది దీనికి కావాలి.

మొదటిసారి నేనూ అందరూ చేసే పనే చేశాను. అంటుకుంటోందని గుప్పెడు మైదా, ఇంకా అంటుకుంటోందని ఇంకో గుప్పెడు. చివరికి దాదాపు 300 గ్రాములు పట్టింది. తీరా చూస్తే రబ్బరు బంతులు. ఒకటి గోడకేసి కొట్టి చూద్దామా అన్నాడు మా అబ్బాయి.

పొట్టుతోనే ఉడికించండి. నీళ్లు వంపేసి, అదే గిన్నెలో సన్నసెగ మీద ఒకట్రెండు నిమిషాలు ఆవిరి పోనివ్వండి. వేడి మీదే పొట్టు తీసి, జల్లెడలోంచి రుద్దండి లేదా తురమండి. మిక్సీలో మాత్రం వెయ్యొద్దు, జిగురులా సాగుతుంది. పూర్తిగా చల్లారాకే మైదా కలపాలి. ఎక్కువ పిసకొద్దు, కలిసిందనిపించగానే ఆపెయ్యండి. కలిపిన ముద్దను పక్కన పెట్టి ఫోన్ మాట్లాడారో, పావుగంటలో మళ్లీ జారుగా అవుతుంది. నీళ్లు మరిగించడానికి పెట్టాకే పిండి కలపడం నాకు అలవాటు.

నీళ్లలో పగిలి పండు బయటికొస్తోంది

బూరె నూనెలో పేలినట్టే ఇదీ. పండు తడిగా ఉంటే ముద్ద దానికి అతుక్కోదు, గుడ్డతో తుడిచి పెట్టండి. అతుకు దగ్గర వేళ్లతో నొక్కి, అరచేతుల మధ్య గాలి లేకుండా గుండ్రంగా చుట్టండి. గీత కనిపిస్తే అక్కడే తెరుచుకుంటుంది. ఇక కుతకుతా మరిగే నీళ్లైతే ఎంత బాగా చుట్టినా విడిపోతాయి. నీళ్లు మరిగాక సెగ తగ్గించి, అడుగు నుంచి చిన్న బుడగలు మాత్రం వస్తుండగా వెయ్యండి.

అన్నీ చుట్టే ముందు పండు లేకుండా ఉసిరికాయంత ఉండ ఒకటి వేసి చూడండి. కరిగిపోతే మిగతా పిండిలో ఒక చెంచా రవ్వ కలిపి మళ్లీ చూడండి.

పైకి తేలింది గానీ లోపల పచ్చిగా ఉంది

తేలగానే తీసేశారన్నమాట. ప్లమ్ కుడుముకు మొత్తం 12 నుంచి 15 నిమిషాలు పడుతుంది. అప్పటికీ పచ్చిగా ఉంటే పిండి పొర మందమైంది, అర సెంటీమీటరు చాలు.

పండు పుల్లగా ఉంది

ఆల్‌బుకారా పచ్చిగా తింటే తియ్యగానే ఉంటుంది, ఉడికితే తొక్కలోని పులుపు బయటపడుతుంది. ఆస్ట్రియా వాళ్లు గింజ తీసి ఆ చోట చక్కెర క్యూబ్ పెడతారు. నేను బెల్లం ముక్క పెట్టి చూశాను, నాకదే నచ్చింది. గింజ కండకు అంటుకుని రానంటే పండును చిదిమేయకండి, గింజతోనే చుట్టి, వడ్డించేటప్పుడు పైన చక్కెర పొడి చల్లండి. తినేవాళ్లకు గింజ ఉందని ముందే చెప్పండి.

పైన బ్రెడ్ పొడి ముద్దముద్దగా అంటుకుంది

కుడుములను నీళ్లోడుతుండగానే పొడిలో వేశారు. చిల్లుల గరిటెతో తీసి ఒక నిమిషం ఆరనివ్వండి. 50 గ్రాముల వెన్నలో 100 గ్రాముల బ్రెడ్ పొడిని సన్నసెగ మీద గోధుమరంగు వచ్చేదాకా వేయించి, స్టవ్ ఆపాకే చక్కెర, దాల్చినచెక్క పొడి కలపండి. చక్కెర ముందే వేస్తే మాడుతుంది.