వైజాగ్‌లో యుద్ధం నడిచిన దారిలో

మా వైజాగ్ చూడ్డానికి వచ్చే చుట్టాలను నేను బీచ్‌కి కాదు, ముందు పాతపట్నం తీసుకెళ్తాను. మీరూ అలాగే చేయండి. ఎనిమిది మందికి మించొద్దు; ఇరుకు వీధుల్లో వెనకవాళ్లకి మాట వినపడదు. ఎండెక్కితే ఉక్కపోతకి కథ ఎవరూ వినరు, ఆరింటికే బయల్దేరండి.

మొదట రాస్ హిల్ ఎక్కండి. పైనుంచి ఓడలు లోపలికొచ్చే కాలువ, రేవు స్పష్టంగా కనిపిస్తాయి. కథ ఇక్కడే చెప్పాలి: రెండో ప్రపంచ యుద్ధంలో, 1942 ఏప్రిల్ 6న ర్యూజో అనే జపాన్ నౌక నుంచి లేచిన విమానాలు ఈ రేవు మీదే బాంబులు వేశాయి. అదే రోజు కాకినాడ మీద కూడా. తారీఖులు వల్లించకండి, వేలు పెట్టి రేవు చూపించండి, చాలు. పిల్లలు ఉంటే ప్రశ్నలు వాళ్లే అడుగుతారు.

తర్వాత ఆటోలో బీచ్‌రోడ్డు. విశాఖ మ్యూజియంలో ఆనాటి బాంబు ఉంది, దాని దగ్గర కాసేపు ఆగండి. అదే రోడ్డులో మ్యూజియంగా మార్చిన కురుసురా జలాంతర్గామి కూడా చూడండి, అది 1971 భారత్-పాక్ యుద్ధం నాటిది. సోమవారం మూసేస్తారు, ఆ రోజు పెట్టుకోకండి. లోపల నడవా ఇరుకు, పెద్ద బ్యాగులు వద్దు.