పీజీ గదిలో కూర్చుని డైరీ సినిమా తీయడం ఎలా

బెంగళూరు మారతహళ్లి పీజీలో ఉంటూ ‘నా మీద నేనే ఒక సినిమా తీస్తా’ అనుకున్నవాళ్లు మొదట చేసే పని ఫోన్ మొహం వైపు తిప్పుకుని మాట్లాడటం. నేనూ 2 నెలలు అదే చేశాను. ఇప్పుడు చూస్తే ఎవడో ఇంటర్వ్యూకి ప్రిపేర్ అవుతున్నట్టుంది.

ముందు ఒక వస్తువు పట్టుకోండి. నాకు అమ్మ పంపిన ఆవకాయ సీసా దొరికింది. ప్రతి ఆదివారం కిటికీ గట్టు మీద, అదే చోట, అదే ఎత్తులో ఫోన్ పెట్టి 20 సెకన్లు తీసేవాణ్ణి. జూన్‌లో మూత దాకా నూనె తేలుతుండేది, దసరాకి సగం, సంక్రాంతికి అడుగున కాస్త ఆవపిండి, గాజుకి అతుక్కుపోయిన ఒక టెంక. ఇంటి మీద బెంగ అంటూ గంటలు గంటలు వాగిన ఫుటేజీ అంతా తీసేశాను, సీసా మాత్రం ఉంది. ఫ్రెంచ్ దర్శకురాలు ఆన్యెస్ వర్దా కూడా 70 దాటాక, 2000లో వచ్చిన సినిమాలో, ఒక చేత్తో చిన్న డిజిటల్ కెమెరా పట్టుకుని, ముడతలు పడ్డ రెండో చేతిని తీశారు. ముసలితనం గురించి అంతకన్నా ఏం చెప్పాలి!

సెట్టింగులు ఆటోలో వదిలేయొద్దు. మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి సెకనుకి 25 ఫ్రేములు, షట్టర్ 1/50 సెకను పెడితే ట్యూబ్‌లైట్ కింద చారలు కదలవు. 4కే మోజు వద్దు, ఐఫోన్‌లో నిమిషానికి దాదాపు 170 ఎంబీ తింటుంది, 1080పీలో 60 ఎంబీతో అయిపోతుంది. ఫైలుకి తేదీతో పేరు పెట్టి, రెండు చోట్ల దాచండి.

అసలు పని గొంతుతో ఉంది. తీసిన రాత్రే ఫ్యాన్ ఆపి, దుప్పటి ముసుగేసుకుని (నవ్వకండి, గదిలో గొంతు గింగురుమనడం పోతుంది) ఆ రోజు గురించి 2 నిమిషాలు మాట్లాడండి, కాగితం చూసి చదవొద్దు. 6 నెలలయ్యాక పాత రికార్డింగ్ వినకుండా అదే క్లిప్ చూస్తూ మళ్లీ మాట్లాడండి. రెండూ పక్కపక్కన పెడితే, అప్పుడు ‘హాయిగా ఉన్నా’ అన్నవాడు ఎంత అబద్ధమాడాడో మీకే తెలుస్తుంది. తొందరపడొద్దు. డైరీ సినిమాలకి పేరుపడ్డ జోనాస్ మెకాస్ 1949లో న్యూయార్క్ చేరిన కొన్ని వారాలకే అప్పు చేసి బోలెక్స్ కెమెరా కొన్నారు, అక్కడి తొలి 14 ఏళ్ల ఫుటేజీని సినిమాగా బయటికి తెచ్చింది మాత్రం 1976లో.

ఎదుటివాళ్లకి చెప్పకుండా తీయకండి. అమ్మ ఫోన్ కాల్ చెప్పకుండా రికార్డ్ చేశాను, తెలిసిపోయింది, ఆ తర్వాత 2 వారాలు వార్తలు చదువుతున్నట్టు మాట్లాడింది. ముందే చెప్పి, రోజూ ఆన్ చేసి పెట్టండి. నాలుగో రోజుకి మర్చిపోయి పిన్నిని తిట్టడం మొదలుపెడుతుంది. ఎడిట్ అయ్యాక మాత్రం ఆ ముక్క ఉంచాలా వద్దా అని మళ్లీ అడగాలి, మా పిన్ని ముక్క అలాగే పోయింది.

ఎడిటింగ్‌కి డావిన్చీ రిజాల్వ్ ఫ్రీ వెర్షన్ చాలు. మొదటి షో పీజీలోనే, గోడ మీద దుప్పటి కట్టి వేయండి. చూసేవాళ్లలో ఎవరు ఏ సీన్‌లో విసుగొచ్చి జేబులోంచి ఫోన్ తీశారో రాసుకుని, అక్కడ కత్తిరించండి. మావాళ్లు సీసా వచ్చినప్పుడు ఫోన్ తీయలేదు. అయిపోయాక ఒకడు మాత్రం, ‘ఆ టెంక పడేశావా?’ అని అడిగాడు.