ఇంట్లో డోనట్లు – మూడో పాఠం: ఈస్ట్ పిండి, నడిమి చిల్లు, నూనె వేడి

పోయిన పాఠంలో బేకింగ్ పౌడర్‌తో చేసే కేక్ డోనట్ చూశాం. అది అరగంటలో అయిపోతుంది, కొరికితే కాస్త గుల్లగా ఉంటుంది. ఈసారి ఈస్ట్‌తో పొంగించే మెత్తటి రకం. దీనికి పని తక్కువే గానీ ఓపిక కావాలి.

మైదా 300 గ్రాములు, గోరువెచ్చని పాలు 140 మిల్లీలీటర్లు, గుడ్డు ఒకటి, చక్కెర 40 గ్రాములు, మెత్తబడిన వెన్న 40 గ్రాములు, ఇన్‌స్టంట్ ఈస్ట్ ఒకటిన్నర టీస్పూన్లు, ఉప్పు ముప్పావు టీస్పూను. గుడ్డు తినని ఇంట్లో దాని బదులు ఇంకో 45 మిల్లీలీటర్ల పాలు పొయ్యండి. పాలల్లో వేలు పెడితే చురుక్కుమనకూడదు. మరీ వేడైతే ఈస్ట్ చచ్చిపోతుంది, ఇక ఎంతసేపు మూతపెట్టి కాచుకున్నా పిండి పొంగదు.

వెన్న తప్ప అన్నీ కలిపి ఐదు నిమిషాలు పిసికాక, వెన్న కొంచెం కొంచెంగా వేయండి. అప్పుడు పిండి చేతికంతా అంటుకుని చిరాకు పెడుతుంది. చాలామంది ఇక్కడే గుప్పెడు పొడి మైదా చల్లేస్తారు, డోనట్ గట్టిపడేది అందుకే. చల్లకుండా ఇంకో పది నిమిషాలు పిసికితే పిండి తనే దారికొస్తుంది. చిన్న ముక్క తీసి వేళ్ళతో సాగదీస్తే, చిరగకుండా అవతలి వెలుతురు కనపడేంత పల్చగా సాగాలి.

గిన్నెకి నూనె రాసి, పిండి పెట్టి మూత వేయండి. రెట్టింపు కావడానికి ఎండాకాలం ముప్పావుగంట చాలు, చలికాలం గంటన్నర పట్టొచ్చు. గడియారం కన్నా పిండిని నమ్మండి. తర్వాత అర అంగుళం మందాన ఒత్తి, స్టీలు గ్లాసుతో బిళ్ళలు, సీసా మూతతో మధ్యలో చిల్లు కోయండి. గ్లాసు తిప్పకుండా నిటారుగా నొక్కి తీయాలి, తిప్పితే అంచులు మూసుకుపోయి పొంగు ఒక పక్కకి లాగుతుంది. పనిముట్లు లేవని ఆగక్కర్లేదు. మొదటి ప్రపంచ యుద్ధంలో, 1917లో, ఫ్రాన్స్‌లో అమెరికన్ సైనికులకి డోనట్లు వేయించి పెట్టిన సాల్వేషన్ ఆర్మీ అనే క్రైస్తవ సేవాసంస్థ మహిళలు మొదట్లో వైన్ సీసాతోనే పిండి ఒత్తారు. వాళ్ళ గుర్తుగానే 1938లో షికాగోలో డోనట్ దినోత్సవం మొదలైంది, ఇప్పటికీ జూన్ మొదటి శుక్రవారం జరుపుతారు.

ఇక చిల్లు సంగతి. మన గారెకి చిల్లు ఎందుకు పెడతామో దీనికీ అందుకే: లోపల పచ్చి మిగలకుండా. ఇప్పటి న్యూయార్క్ ప్రాంతానికి డచ్చివాళ్ళు తెచ్చిన పాత రకానికి చిల్లు లేదు. అమెరికన్ రచయిత వాషింగ్టన్ ఇర్వింగ్ 1809లో వర్ణించినవి కూడా పంది కొవ్వులో వేయించిన తీపి పిండి ఉండలే. ఉండ పెద్దదైతే పైన మాడుతుంది, నడుమ ముద్దగా ఉండిపోతుంది. అమెరికాలోని మెయిన్ రాష్ట్రానికి చెందిన ఓడ కెప్టెన్ హాన్సన్ గ్రెగరీ, 1847లో తన పదహారో ఏట, ఓడలోని మిరియాల డబ్బా మూతతో ఆ పచ్చి నడుమనే కోసి తీసేశానని ముసలితనంలో చెప్పుకున్నాడు. సముద్రం మీద తిరిగినవాళ్ళ కథ కదా, ఉప్పు కాస్త ఎక్కువే పడి ఉండొచ్చు. కిటుకు మాత్రం నిఖార్సైనది.

కోసిన ఒక్కోదాన్నీ ఒక్కో చదరపు బటర్ పేపర్ ముక్క మీద పెట్టి, గుడ్డ కప్పి, ఇంకో అరగంట వదిలేయండి. వేలితో మెల్లగా నొక్కితే గుంట నిదానంగా, సగం వరకే పూడాలి. టక్కున పూడితే ఇంకా టైం కావాలి, అసలు పూడకపోతే ఆలస్యమైనట్టే, వెంటనే నూనెలోకి దించండి. చేత్తో ఎత్తితే గాలి పోయి చప్పబడతాయి కాబట్టి కాగితంతో సహా వదలండి, క్షణంలో అది ఊడి వస్తుంది, పట్టకారుతో తీసేయొచ్చు.

నూనె 175–180 డిగ్రీల సెల్సియస్ దగ్గర ఉండాలి. థర్మామీటర్ లేకపోతే చిటికెడు పిండి వేసి చూడండి: వెంటనే పైకి తేలి, సన్నటి బుడగలతో, నిమిషానికి బంగారు రంగుకి రావాలి. చల్లారిన నూనెలో వేస్తే డోనట్ నూనె తాగుతుంది. ఒకేసారి ఐదారు పడేసినా వేడి పడిపోయి అదే గతి. రెండేసి వేసి, ఒక్కో వైపు నిమిషం, నిమిషంన్నర చాలు. సరిగ్గా పొంగినది నూనెలో సగమే మునుగుతుంది, అందుకే నడుము చుట్టూ తెల్లటి గీత మిగులుతుంది. ఆ గీత పల్చగా ఉన్నా, అసలు లేకపోయినా, వేయించడాన్ని తప్పుపట్టకండి. ముందు రెండోసారి పొంగించిన తీరు చూసుకోండి.

పూతకి చక్కెర పొడి 150 గ్రాముల్లో పాలు రెండు మూడు చెంచాలు, చిటికెడు ఉప్పు కలిపి, డోనట్ వెచ్చగా ఉండగానే ముంచి తీయండి. కోసిన చిల్లు ముక్కల్ని కూడా వేయించి చక్కెరలో దొర్లిస్తే పిల్లలు డోనట్ల వంకే చూడరు.

వచ్చే పాఠంలో చిల్లు లేనివి: జర్మన్ల బెర్లినర్, లెంట్ అనే క్రైస్తవుల ఉపవాస కాలానికి ముందు పోలండ్‌లో తినే పోంచ్కి, హనుక్కా పండక్కి యూదులు చేసే సుఫ్గానియా. వీటికి నూనె వేడి పది డిగ్రీలు తగ్గించి, ఎక్కువసేపు వేయించాలి. జామ్ నింపే గొట్టం సంగతీ అప్పుడే చూద్దాం. ఈలోగా ఇవాళ చేసినవాటిలో మొదటి వాయి నుంచి ఒకటి తుంచి చూడండి. నడుమ తడి పిండి కనపడితే మంట కొంచెం తగ్గించి, తర్వాతి వాయికి ఒక్కో వైపు ఇంకో ఇరవై సెకన్లు ఇవ్వండి.