చిటికి కట్టే పద్ధతి: ఆసు నుంచి మగ్గం దాకా

పోచంపల్లి, పుట్టపాక, కొయ్యలగూడెం ప్రాంతాల్లో నేత నేర్చుకోవాలని వచ్చేవారు ముందుగా మగ్గం వైపే చూస్తారు. కానీ చిటికి పనిలో, అంటే నేయకముందే పోగులకు కట్లు కట్టి రంగులద్దే ఇక్కత్ పనిలో, బొమ్మ బట్ట మీద కాక పోగుల మీదే పడుతుంది కనుక, నేతగాని పనితనం మగ్గం ఎక్కకముందే తేలిపోతుంది. ఇక్కడ పేకకు, అంటే అడ్డపోగుకు, మాత్రమే చిటికి కట్టే విధానం చెబుతున్నాను. పడుగుకు (నిలువుపోగుకు), పేకకు రెండింటికీ కట్టడం దీని మీద చేయి తిరిగాకే మొదలుపెట్టాలి.

మొదట గళ్ల కాగితం మీద బొమ్మ గీసి, ఒక్కో అడ్డ వరుసకు ఎన్ని పోగుల గుత్తి వస్తుందో లెక్క కట్టుకోవాలి. తర్వాత ఆసు పోయాలి, అంటే మేకులు దిగ్గొట్టిన చట్రం మీద పోగును పరచుకోవాలి. ఒక కొసన ఉన్న మేకు నుంచి ఎదురుగా అర్ధచంద్రాకారంలో ఉన్న మేకుల మీదికి పోగును వరుసగా తిప్పాలి. చేత్తో పోస్తే ఒక చీరకు చేయి సుమారు 9,000 సార్లు అటూ ఇటూ ఆడాలి. ఈ శ్రమను తప్పించే యంత్రాన్ని రూపొందించినందుకే చింతకింది మల్లేశంకు 2017లో పద్మశ్రీ లభించింది. చేత్తో పోసినా యంత్రంతో పోసినా బిగువు ఒకేలా ఉండాలి, లేకపోతే గీత నేతలో వంకరపోతుంది.

ఇక అసలు పని కట్టడం. ఆసు మీది పోగులపై గుర్తులు పెట్టుకుని, సైకిల్ ట్యూబును సన్నగా కోసిన రబ్బరు పట్టీలతో, రంగు అంటకూడని చోటల్లా బిగించి చుట్టాలి. తెలుపు, పసుపు, ఎరుపు, నలుపు కావాలంటే ముందు తెలుపు ఉండవలసిన చోట కట్టి పసుపులో ముంచాలి. ఆపైన పసుపు నిలవవలసిన చోట కట్టి ఎరుపులో, ఎరుపు నిలవవలసిన చోట కట్టి నలుపులో ముంచాలి. లేత రంగు ముందు, ముదురు రంగు వెనుక అన్నది ఇందుకే. నీలం కావాలంటే లెక్క మారుతుంది: పసుపు మీద నీలం పడితే ఆకుపచ్చ అవుతుంది కాబట్టి, ఆ భాగాన్ని పసుపు తాకకుండా కట్టి ఉంచి, నీలంలో ముంచే ముందు మాత్రమే విప్పాలి. కట్టు వదులైతే రంగు లోపలికి పాకుతుంది. అంచులో కాస్త మసక ఈ నేతకు సహజమే, అది అందమే కూడా. గీత కనిపించనంతగా పాకితే మాత్రం ఆ గుత్తి పనికిరాదు.

పుట్టపాక తేలియా రుమాలుకైతే కట్టే ముందే నూలును నూనెలోనూ, ఆముదపు కాయల బూడిద నీటిలోనూ పలుమార్లు నానబెట్టి ఆరబెడతారు. ఎరుపు అంత గాఢంగా నిలిచేది ఆ ఓపిక వల్లనే.

రంగులన్నీ ఆరాక కట్లను బ్లేడుతో, పోగు తెగకుండా విప్పి, ఆసు మీద ఉన్న వరుసలోనే కండెలకు (పేకనూలు చుట్టే చిన్న గొట్టాలకు) చుట్టి, ప్రతి కండెకు అంకె వేసుకోవాలి. నేసేటప్పుడు ప్రతి పేకపోగును ముందు పోగుతో సరిచూసి, తేడా ఉంటే అంచు దగ్గర కొద్దిగా లాగి సర్దాలి. ఇలా సర్దగలిగేది వెంట్రుకవాసి తేడానే. అంతకు మించితే ఆ పోగును వెనక్కి తీయవలసిందే.