దసరా నుంచి సంక్రాంతి దాకా గేమ్ ఈవెంట్లు: ఆఖరి రెండు రోజులతో జాగ్రత్త

మా చిన్నాన్న కొడుకు ఇంటర్ రెండో సంవత్సరం. కర్నూలులో మా రెండిళ్లకూ మధ్య ఒక్క గోడే అడ్డం. ఒక చలికాలం వాడు గెన్షిన్ ఇంపాక్ట్‌లో లాంటర్న్ రైట్ ఈవెంట్ ఆడుతున్నాడు. ఈవెంట్ అంటే ఆటలో కొన్నాళ్లే ఉండి ముగిసిపోయే ప్రత్యేక పోటీ. ఇది చైనా కొత్త సంవత్సరం వేళకు ఏటా వస్తుంది. ఆడినవాళ్లకు నాలుగు నక్షత్రాల పాత్ర ఒకటి ఊరికే ఇస్తారు. వీడు ఇవాళ రేపు అని రెండు వారాలు గడిపేశాడు. చివరి తేదీ పక్కన 03:59 అని ఉంది కదా, రెండు గంటలు చాలులే అనుకొని, రాత్రి రెండింటికి అలారం పెట్టుకొని పడుకున్నాడు. లేచి చూస్తే ఈవెంట్ లేదు. ఆ టైము ఆసియా సర్వర్‌ది. మన గడియారంలో 1:29కే అయిపోయింది. పొద్దున్నే మా గుమ్మంలో నిలబడి, "అన్నా, నేను లేచినా కూడా పాయెనన్నా" అన్నాడు. కళ్లు ఎర్రగా ఉన్నాయి.

నేను చాలా ఏళ్లుగా ఈ ఆటలు ఆడుతున్నాను. రివార్డు పోయినా, డబ్బు పోయినా, అకౌంట్ పోయినా, నిద్ర పాడైనా, నా కళ్లముందు జరిగినవి దాదాపు అన్నీ ఈవెంట్ ఆఖరి రెండు రోజుల్లో జరిగినవే. మిగతా రోజుల్లో బుద్ధిగా ఉండేవాళ్లు కూడా ఆ రెండు రోజుల్లో తొందరపడతారు. కొనకూడనిది కొంటారు, నొక్కకూడని లింకు నొక్కుతారు. దసరా, దీపావళి, క్రిస్మస్, సంక్రాంతి వరసగా వచ్చే ఈ నాలుగు నెలల్లో ఈవెంట్లు కూడా ఒకదాని వెంట ఒకటి వస్తాయి. అందుకే సీజన్ మొదలుకాక ముందే ఇది రాస్తున్నాను.

ముందు గడియారం సంగతి. ఈవెంట్ పేజీ తెరవగానే, ఆడటానికంటే ముందు, ముగిసే టైమును మన టైములోకి మార్చి రాసుకోండి. యూటీసీ (ప్రపంచమంతా లెక్కకు వాడే ప్రామాణిక సమయం) అని ఉంటే అయిదున్నర గంటలు కలపాలి. అంటే యూటీసీలో అర్ధరాత్రి మనకు తెల్లవారుజామున 5:30. యూటీసీ ప్లస్ 8 అని ఉంటే రెండున్నర గంటలు తీసేయాలి. అమెరికా పసిఫిక్ టైముతో నడిచే ఆటల్లో ఇంకో చిక్కు ఉంది. నవంబర్ మొదటి ఆదివారం అక్కడ గడియారాన్ని ఒక గంట వెనక్కి తిప్పుతారు. అంతవరకు మనకు మధ్యాహ్నం 12:30కి వచ్చే వాళ్ల అర్ధరాత్రి, ఆ రోజు నుంచి 1:30కి వస్తుంది. దీపావళి ఈవెంట్ మధ్యలో డైలీ మిషన్ల టైము మారిపోయిందని కంగారు పడేవాళ్లు అందుకే కంగారు పడతారు.

క్లాష్ ఆఫ్ క్లాన్స్ ఆడేవాళ్లకు క్లాన్ గేమ్స్ (క్లాన్ అంటే జట్టు, జట్టంతా కలిసి పాయింట్లు తెచ్చే పోటీ) నెలనెలా 22 నుంచి 28 దాకా ఉంటాయి. 28 అనగానే ఆ రోజంతా మనదే అనిపిస్తుంది. కానీ 28 మధ్యాహ్నం 1:30కే మూసేస్తారు. కాలేజీ నుంచి వచ్చి సాయంత్రం ఆడదాంలే అనుకున్నవాళ్ల పాయింట్లు క్లాన్‌కు రావు. మా క్లాన్‌లో ముగ్గురు ఒకే నెలలో ఇలా చేసి, పై బహుమతి మెట్టు అందరికీ దూరం చేశారు. వాళ్లు సోమరులేం కాదు, తేదీని తప్పుగా చదివారు, అంతే.

నేను నోట్‌బుక్‌లో తేదీ, గంట ఉన్నవి ఉన్నట్టు రాయను. "20న 1:29" అని రాసుకుంటే 20 రాత్రి అనే అనిపిస్తుంది. "19 రాత్రి అన్నం తిన్నాక, పడుకునేలోపు" అని రాసుకుంటాను. అప్పటి నుంచి ఒక్కసారి కూడా తప్పలేదు.

రెండోది లెక్క. మా తమ్ముడితో నేను ఒక పేజీ మీద వేయించిన లెక్క ఇలా ఉంది. ఈవెంట్ 20 రోజులు. రోజు మిషన్లన్నీ చేస్తే 80 టోకెన్లు. వాడికి కావలసిన డ్రెస్ 1,000 టోకెన్లు. అంటే 13 రోజులు ఆడితే చాలు, ఏడు రోజులు చేతిలో మిగులుతాయి. షాపులో ఉన్నవన్నీ కావాలంటే మాత్రం 1,900 టోకెన్లు కావాలి. ఒక్కరోజు కూడా వదలకుండా ఆడినా వచ్చేవి 1,600. తక్కువ పడిన ఆ 300కే డబ్బు కట్టమంటారు. మొదటి రోజే ఈ లెక్క వేస్తే "నాకు డ్రెస్ చాలు" అని తేల్చుకోవడం సులువు. పద్దెనిమిదో రోజు వేస్తే, అప్పటికి దాదాపు 1,400 చేతిలో ఉంటాయి, ఇంకొంచెమే కదా అని మనసు లాగుతుంది.

షాపులో ఏది ముందు తీసుకోవాలో కూడా చెప్పాలి. మళ్లీ దొరకనివి మొదట: ఆ ఈవెంట్ డ్రెస్, పేరు పక్కన పెట్టుకునే బ్యాడ్జ్, ఆయుధం రూపు. తర్వాత లాగుళ్లకు, అంటే లాటరీలా కొత్త పాత్రల కోసం చేసే ప్రయత్నాలకు, పనికొచ్చే రత్నాలు. నాణేలు, అప్‌గ్రేడ్ సామాన్లు ఆఖరున, ఎందుకంటే అవి మామూలు రోజుల్లో కూడా దొరుకుతాయి. చవకగా కనిపిస్తాయని మొదటి రోజే నాణేలు కొనేసి, చివర్లో డ్రెస్‌కు టోకెన్లు చాలక ఏడ్చిన పిల్లలను చూశాను.

20 రోజుల ఈవెంట్‌ను 16 రోజుల ఈవెంట్ అనుకొని ఆడండి. ఇది ఊరికే చెప్పే మాట కాదు, ఆఖర్లో ఒకేసారి లాగించడం చాలా ఆటల్లో కుదరదు కూడా. గెన్షిన్‌లో రెజిన్ (బహుమతులు తీసుకోవడానికి ఖర్చయ్యే శక్తి) 8 నిమిషాలకు ఒకటి చొప్పున నిండుతుంది, 200 దగ్గర ఆగిపోతుంది. అంటే ఖాళీ నుంచి నిండటానికి 26 గంటల 40 నిమిషాలు. ఒక రోజు మానితే పెద్ద నష్టం లేదు. రెండు, మూడు రోజులు మానితే ఆ రెజిన్ పోయినట్టే, తిరిగి రాదు. బీజీఎంఐ (బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా) 2023 మేలో తిరిగి వచ్చినప్పుడు 18 ఏళ్లలోపు వాళ్లకు రోజుకు 3 గంటలు, మిగతావాళ్లకు 6 గంటలు అని హద్దు పెట్టారు. అలాంటి హద్దు ఉన్న ఆటలో వారం రోజుల మిషన్లు ఒక్క ఆదివారం పూర్తి చేస్తాననుకోవడం అయ్యేపని కాదు. ఇంట్లో పెద్దవాళ్లకు నా విన్నపం ఒకటి: వారమంతా ఫోన్ ఇవ్వకుండా ఆదివారం మొత్తం ఇచ్చేకంటే, రోజూ ముప్పావు గంట ఇవ్వండి. ఈవెంట్లు రోజూ కాస్త ఆడేవాడికే కలిసొస్తాయి, పిల్లాడు కూడా అర్ధరాత్రి దొంగచాటుగా ఆడడు.

లాగుళ్ల ఈవెంట్ల గురించి గట్టిగానే చెప్పాలి. గెన్షిన్‌లో ఐదు నక్షత్రాల పాత్ర ఒక లాగులో వచ్చే అవకాశం 0.6 శాతం. 90 లాగుల్లోపు ఒకటి ఖాయంగా వస్తుంది. కానీ అది మనం కోరుకున్న పాత్రే అవుతుందని లేదు. వేరేది వస్తే, ఆ తర్వాత వచ్చేది మాత్రం మనం కోరుకున్నదే. అంటే అదృష్టం అస్సలు కలిసిరాకపోతే 180 లాగుళ్లు. ఒక్కో లాగుకు 160 ప్రిమోజెమ్‌లు (ఆ ఆటలోని రత్నాలు), మొత్తం 28,800. మీ దగ్గర 9,000 ఉండి, రెండు రోజుల్లో ఆ పాత్ర వెళ్లిపోతుంటే, "ఇంకో పది లాగితే పడుతుందేమో" అనిపిస్తుంది. ఆ "ఏమో" దగ్గర ఆగండి. ఇప్పటిదాకా లాగిన లెక్క తర్వాతి పాత్ర బ్యానర్‌కు (ఆ పాత్ర కోసం లాగే ఈవెంట్‌కు) కూడా కొనసాగుతుంది, వృథా పోదు. పాత్రలు కూడా చాలావరకు కొన్ని నెలల తర్వాత తిరిగి వస్తాయి. మా పిన్ని టైలరింగ్ చేసి దాచిన డబ్బు తిరిగి రాదు.

డబ్బు మాట వచ్చింది కాబట్టి మోసాల సంగతి. ఈవెంట్ ముగిసే ముందు రోజు వాట్సాప్‌లో, టెలిగ్రామ్‌లో రంగుల చక్రం బొమ్మతో లింకులు తిరుగుతాయి. "ఈ రోజే ఆఖరు, 5,000 డైమండ్లు ఉచితం" అని ఉంటుంది. నొక్కితే చక్రం తిరుగుతుంది, ప్రతిసారీ పెద్ద బహుమతి దగ్గరే ఆగుతుంది. తర్వాత ఫేస్‌బుక్ లాగిన్ లాంటి పేజీ వస్తుంది. చూడటానికి అచ్చం అసలు పేజీయే. మా వీధిలో ఒక పిల్లవాడు అక్కడ పాస్‌వర్డ్ కొట్టిన అరగంటకు తన అకౌంట్లోకి తానే వెళ్లలేకపోయాడు. మూడేళ్లు ఆడిన ఐడీ అది. రీడీమ్ కోడ్లు, అంటే కొడితే బహుమతి వచ్చే కోడ్లు, నిజంగానే ఇస్తారు. కానీ వాటిని వాడాల్సింది ఆట కంపెనీ సొంత రీడీమ్ పేజీలోనే, ఆ పేజీకి ఆటలోంచో కంపెనీ అసలు సైటులోంచో వెళ్లాలి, ఎవరో పంపిన లింకులోంచి కాదు.

డబ్బు మనకు రావడానికి యూపీఐ పిన్ ఎప్పుడూ అక్కర్లేదు. పిన్ అడిగారంటే డబ్బు పోబోతోందని అర్థం. ఓటీపీ కూడా అంతే. పోయిందని తెలిసిన మరుక్షణం సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయండి. అమ్మ తిడుతుందని పిల్లలు రాత్రంతా దాచిపెడతారు, ఆ గంటల్లోనే డబ్బు చేతులు మారిపోతుంది. అందుకే ఇంట్లో ముందే చెప్పి పెట్టండి: "డబ్బు పోతే వెంటనే చెప్పు నాయనా, తిట్టను." ఈ ఒక్క మాటకు చాలా విలువ ఉంది.

"యాభై కట్టు, రూమ్‌లోకి రా, గెలిస్తే ఐదొందలు" అని పండుగ పేరుతో పందెం రూములు నడుపుతారు. వాటి జోలికి వెళ్లొద్దు. డబ్బు పందెంగా పెట్టే ఆన్‌లైన్ ఆటలను మన ఆంధ్రప్రదేశ్ 2020లోనే నిషేధించింది, 2025 ఆగస్టులో కేంద్ర చట్టం కూడా వచ్చింది.

గెస్ట్ అకౌంట్‌తో, అంటే ఏ ఖాతాకూ కలపకుండా, ఆడేవాళ్లు ఈ పేరా రెండుసార్లు చదవండి. ఈవెంట్ అప్‌డేట్ వచ్చిందంటే ఫోన్‌లో జాగా చాలదు. పెళ్లి వీడియోలు తీసేయడం ఇష్టంలేక, ఆటనే తీసేసి మళ్లీ ఎక్కిద్దామనుకుంటారు. గెస్ట్ ఐడీ ఆ ఫోన్‌లోనే ఉంటుంది. తీసేస్తే చాలా ఆటల్లో దాంతోపాటే పోతుంది. సీజన్ మొదలయ్యే ముందే గూగుల్‌కో ఇంకో ఖాతాకో కలిపి పెట్టుకోండి, రెండంచెల భద్రత ఆన్ చేయండి. అయిదు నిమిషాల పని.

అప్‌డేట్ల విషయంలో చిన్న కిటుకు ఉంది. రోజుకు ఒకటిన్నర జీబీ ప్యాక్ ఉన్నవాళ్లకు రెండు జీబీల అప్‌డేట్ ఒకే రోజులో దిగదు, సగంలో నెట్ నత్తలా మారుతుంది. రోజు డేటా ఎక్కువ ప్యాకుల్లో అర్ధరాత్రి పన్నెండుకు మళ్లీ మొదలవుతుంది కాబట్టి, పదకొండున్నరకు డౌన్‌లోడ్ పెట్టి పడుకుంటే ఆ రోజుది కొంత, మర్నాటిది కొంత కలిసి పని అయిపోతుంది. అది కూడా ఈవెంట్ మొదటి రోజే చేయండి. డౌన్‌లోడ్ అవుతున్న ఫోన్‌ను దిండు కింద పెట్టొద్దు. ఛార్జింగ్ పెట్టి ఆడొద్దు. ఫోన్ కాలుతుంటే కవర్ తీసి, ఆట ఆపి, ఫ్యాను కింద పెట్టండి, ఫ్రిజ్‌లో పెట్టకండి. ఐఫోన్‌ను 35 డిగ్రీల లోపు వేడిలో వాడమని కంపెనీయే చెబుతుంది. మన ఊళ్లో వేసవి మధ్యాహ్నం 40 దాటుతుంది, కాబట్టి ఉగాది తర్వాతి ఈవెంట్లు పొద్దున్నే ఆడుకోవడం మేలు.

బయట తిరిగి ఫోన్‌లో వింత జీవులను పట్టే పోకెమాన్ గో ఆడేవాళ్లకు ఒక సౌకర్యం ఉంది. కమ్యూనిటీ డే అనే ఈవెంట్ స్థానిక సమయం ప్రకారం మామూలుగా మధ్యాహ్నం 2 నుంచి 5 దాకా, టైము మార్చుకునే పని లేదు. కొండారెడ్డి బురుజు చుట్టూ నడిచేటప్పుడు ఆటోలను చూసుకోండి, ఒక చోట నిలబడి పట్టుకోండి, నడుస్తూ పట్టొద్దు. నీళ్ల సీసా ఉంచుకోండి.

దసరాకు మేం హొళగుంద వైపు అవ్వ వాళ్ల ఊరికి వెళ్తాం. విజయదశమి రాత్రి దేవరగట్టులో మాళ మల్లేశ్వర స్వామి బన్ని ఉత్సవం. వేలమంది కొండ దగ్గర చేరితే సిగ్నల్ ఉన్నట్టే ఉంటుంది, ఏదీ తెరుచుకోదు. పండుగకు ఊరెళ్లేవాళ్లు ఆ మూడు నాలుగు రోజులను ముందే లెక్కలోంచి తీసేయండి. కాగడాల వెలుగులో, డప్పుల మధ్య, ఊరంతా ఒక్కటై కదిలే ఆ రాత్రి ఫోన్ జేబులోనే ఉండాలని నా కోరిక.

ఈవెంట్‌లో గెలిచినవి చాలావరకు ఆటలోని మెయిల్‌కు వస్తాయి, దానికి కూడా గడువు ఉంటుంది, తెరిచి తీసుకోండి. పొరపాటున ఏదైనా కొనేస్తే ప్లే స్టోర్‌లో 48 గంటల్లోపు రీఫండ్ అడగండి. నెలవారీ పాస్ తీసుకుంటే, కొన్న రోజే ప్లే స్టోర్ సబ్‌స్క్రిప్షన్లలోకి వెళ్లి రద్దు నొక్కండి. కట్టిన నెల పూర్తయ్యేదాకా పాస్ పనిచేస్తుంది, వచ్చే నెల మాత్రం అమ్మ అకౌంట్లోంచి డబ్బు కోత పడదు.