కాలం నేసే మనిషిని కథలోకి తేవడం ఎలా

కాలాన్ని నేసే నేతగాడి మీద కథ రాస్తున్నామని చెప్పేవాళ్లను నేను మొదట అడిగేది ఒకటే: మీవాడిది ఏ నేత? చాలామంది తెల్లమొహం వేస్తారు. మెరిసే మగ్గం, వెండి దారాలు, గడ్డం ముసలాయన దాకా వచ్చి ఆగిపోతారు. అది నేల విడిచి సాము.

మాది ధర్మవరం, ఉద్యోగం బెంగళూరులో. ఆదివారం మారతహళ్లిలోని మా ఫ్లాట్‌లో నలుగురం చేరి, తెలుగులోనే ఊహాలోకాలు అల్లుకుని పాత్రలు ఆడుకుంటాం. లోకాన్ని నడిపే పని నాది. కాబట్టి నాకు మగ్గం దగ్గర మొదలుపెట్టడమే అలవాటు. కాలానికి నియమాలు వేరే కనిపెట్టక్కర్లేదు, నేతలోనే ఉన్నాయి.

చిటికి నేత తీసుకోండి. పోచంపల్లి, పుట్టపాకల్లో నూలును అక్కడక్కడా గట్టిగా కట్టి రంగులో ముంచుతారు, కట్టిన చోట రంగు అంటదు. అంటే పోగు మగ్గం ఎక్కకముందే డిజైన్ అంతా అందులో ఉంది. మీ లోకంలో ఇదే నేత అయితే నుదుటిరాత ముందే ఖాయం, నేతగాడు దాన్ని మార్చలేడు. కానీ ఆ బట్టను దగ్గరగా చూడండి. పువ్వు అంచు గీత గీసినట్టు ఉండదు, పోగులు వెంట్రుకవాసి జరిగి అంచు చెదిరినట్టు ఉంటుంది. కాబట్టి జరగాల్సింది జరుగుతుంది, కాస్త ముందో వెనకో. పెళ్లి తప్పదు, ముహూర్తం తప్పుతుంది. కథంతా ఆ సందులోనే ఉంది.

జాకార్డ్ అయితే లెక్క వేరు. ఫ్రాన్స్‌లో 1804 ప్రాంతంలో వచ్చిన పద్ధతి అది. చిల్లులు కొట్టిన అట్టలను గొలుసులా కుడతారు, ఏ పోగు లేవాలో ఆ చిల్లులే చెబుతాయి. ఆఖరి అట్ట అయిపోగానే మళ్లీ మొదటిది వస్తుంది. అలాంటి లోకంలో కాలం తిరిగి తిరిగి అక్కడికే చేరుతుంది. ఎవరైనా ఒక చిల్లు ఎక్కువ కొట్టి కరువు తెస్తే, ఆ కరువు ప్రతి చుట్టులోనూ వస్తుంది. అక్కడ విలన్ నేతగాడు కాదు, అట్టలు కొట్టేవాడు.

నన్నడిగితే అన్నిటికంటే మంచిది బుట్టా, అంటే గుడ్డ మీద నేసే చిన్న పువ్వు. అది అదనంగా వేసే పేక, అంటే అడ్డపోగు. ఆ పోగులు లాగేసినా కింద గుడ్డ చిరగదు. ఒకామె వచ్చి ఫలానా పండగ రోజు తీసేయమంటుంది. నేతగాడు తీసేస్తాడు. రోజు అలాగే ఉంటుంది, వంట, స్నానం, ఎండ అన్నీ ఉంటాయి. పండగ మాత్రం ఉండదు. ఇంతకంటే భయపెట్టే మంత్రం నాకు తట్టలేదు.

కొలతలకు మన లెక్కే వాడండి. గడియంటే 24 నిమిషాలు, రోజుకు 60 గడియలు. పడుగు, అంటే నిలువు పోగులు, ఆయుష్షు అనుకుంటే పేకలో ఒక్కో పోగు ఒక్కో గడియ. రాహుకాలం కత్తిరించి పెట్టమని బేరాలాడే గిరాకీలు ఎలాగూ వస్తారు, అది మీ హాస్యం. గడియారాలు, పళ్లచక్రాలు మాత్రం పెట్టకండి. జాలహళ్లిలో హెచ్.ఎం.టి. వాచీలు 1961 నుంచి తయారయ్యాయి, అదీ గొప్ప విషయమే. కానీ వాచీ కాలాన్ని కొలుస్తుంది, మనవాడు తయారుచేస్తాడు.

వెనక్కి తిప్పడం గురించి టెన్షన్ అక్కర్లేదు. నేసింది విప్పొచ్చు. విప్పిన పోగుకు నూగు లేస్తుంది, మళ్లీ నేస్తే ఆ చోట గుడ్డ మొరటుగా ఉంటుంది. మీ రాజుగారు ఓడిన యుద్ధాన్ని మళ్లీ నేయించుకుంటే ఆ రోజు ఊళ్లో అందరికీ ఒళ్లు గరగరలాడాలి.

బతుకు దగ్గరే చాలా కథలు చప్పబడతాయి. నేతగాడు ఒక్కడే పనిచేయడు. కండెలు చుట్టేది ఇంట్లో ఆడవాళ్లు, పిల్లలు. ఆసు పోయడానికి, అంటే రంగు కట్టే ముందు నూలును మేకుల చుట్టూ పరచడానికి, ఒక్క చీరకు చేయి 9,000 సార్లు అటూ ఇటూ తిరగాలి. అమ్మ భుజం నొప్పి చూడలేక చింతకింది మల్లేశం గారు దానికి యంత్రం చేశారు, 2017లో పద్మశ్రీ వచ్చింది. మీ లోకంలో ఆ భుజం నొప్పి ఎవరిది? నూలు అప్పిచ్చే షావుకారు ఎవరు? వానాకాలం గుంట మగ్గంలోకి నీళ్లొస్తే కాలం ఆగుతుందా, లేక జనం పాత రోజులే మళ్లీ కట్టుకుంటారా? ఈ మూడూ తేలితే మీ నేతగాడి గడ్డం సంగతి ఎవరూ అడగరు.

ఇది పరాయి ఊహేమీ కాదు. ఆదిపర్వంలో ఉదంకుడు నాగలోకానికి వెళ్లినప్పుడు ఇద్దరు స్త్రీలు తెల్ల, నల్ల దారాలతో నేస్తూ కనిపిస్తారు. ఆ దారాలు పగలూ రాత్రీ. పక్కనే పన్నెండు ఊచల చక్రాన్ని ఆరుగురు కుమారులు తిప్పుతుంటారు, వాళ్లు ఋతువులు.

బెంగళూరులో ఉంటే చిక్‌పేట మెట్రోలో దిగి కబ్బన్‌పేట సందుల్లోకి నడవండి. అక్కడివి మరమగ్గాలు, చేమగ్గం నిదానం కనపడదు. కానీ సందంతా ఒకటే లయలో కొట్టుకుంటుంటే మాట వినపడక జనం ఎలా సైగలు చేస్తారో అక్కడే తెలుస్తుంది. "అన్నా, ఒక నిమిషం చూడొచ్చా?" అని అడిగి వెళ్లండి. డిజైన్ల ఫొటోలు తీయొద్దు, ఎవరికైనా ఒళ్లు మండుతుంది.

మొదటి అధ్యాయం అచ్చు అతికే రోజున, అంటే కొత్త పడుగును పాత పడుగుకు కలిపే రోజున పెట్టండి. పడుగు అయిపోయాక పాత కొసలను అచ్చులోనే, అంటే పోగులు దూర్చే చట్రంలోనే ఉంచుతారు. వేళ్లకు కాస్త బూడిద రాసుకుని, పాత కొసనూ కొత్త కొసనూ బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య పెట్టి ఒక్క మెలి తిప్పుతారు. అలా వేల పోగులు. మగ్గం ఒకసారి పూర్తిగా ఖాళీ అయితే ఒక్కో పోగునూ మళ్లీ అచ్చు కంట్లోంచి దూర్చాలి, అందుకే ఖాళీ కానివ్వరు. చనిపోయిన తండ్రి కొసకు కొడుకు పడుగు అతుకుతున్నారనుకోండి. మగ్గం ఆగింది కాబట్టి ఇరుగుపొరుగు వచ్చి కూర్చుంటారు, మాటలు సాగుతాయి. ఆ గుంపులోంచే ఎవరో ఒకరు లేచి, "పెదనాన్నా, ఆ ఒక్క పోగు అతక్కుండా వదిలేయ్" అనాలి.