కనీస వేతనం కేసు గెలిచాక యజమాని హైకోర్టుకి వెళ్తే ఏం చేయాలి

కనీస వేతనం కంటే తక్కువ ఇచ్చారని లేబర్ ఆఫీసులో కేసు వేసి, తేడా సొమ్ముతో పాటు పరిహారం కూడా కట్టమని ఆర్డర్ వస్తే ఇక డబ్బు చేతికొచ్చినట్టే అనుకుంటారు చాలామంది. యజమాని హైకోర్టులో స్టే తెచ్చుకుంటే అదే ఆర్డర్ ఏళ్ల తరబడి కాగితంగానే ఉండిపోతుంది. అందుకే కేసు వేసిన రోజు నుంచే హైకోర్టును దృష్టిలో పెట్టుకోవాలి.

ముందు మీ ఆర్డర్ ఏ చట్టం కింద వచ్చిందో చూడండి. 1948 నాటి కనీస వేతనాల చట్టం కింద వచ్చినదైతే అప్పీల్ లేదు, సెక్షన్ 20 ప్రకారం అధికారి ఆర్డరే ఆఖరు, కాబట్టి యజమానులు నేరుగా హైకోర్టులో రిట్ (ఆ ఆర్డర్‌ని కొట్టేయమని అడిగే పిటిషన్) వేస్తారు. 2025 నవంబర్ 21న అమల్లోకి వచ్చిన వేతనాల కోడ్ కిందైతే 90 రోజుల్లోపు పై అధికారి దగ్గర అప్పీల్ వేసుకోవచ్చు. ఆ దారి వదిలేసి సూటిగా హైకోర్టుకి వస్తే, అప్పీల్ ఉండగా రిట్ ఎందుకని మీ లాయర్ మొదటి వాయిదాలోనే అడగాలి.

రిట్‌లో హైకోర్టు కేసంతా మళ్లీ మొదటి నుంచి విచారించదు. యజమానికి నోటీసు అందిందా, చెప్పుకునే అవకాశం ఇచ్చారా, అధికారి తన పరిధిలోనే ఉన్నారా, ఆర్డర్‌లో కారణాలు రాశారా అన్నవే ప్రధానంగా చూస్తుంది. తేడా సొమ్ము లెక్క సరిగ్గా ఉంటే దాన్ని కదపడం కష్టం. దెబ్బ తగిలేది ఎక్కువగా పరిహారం మీద. పాత చట్టంలోనూ కోడ్‌లోనూ పరిహారం తేడాకి పది రెట్ల వరకు వేయొచ్చు, అంటే నెలకు 3,000 చొప్పున ఏడాది తక్కువ ఇస్తే తేడా 36,000, దాని మీద పరిహారం 3,60,000 దాకా. కానీ పది రెట్లు అనేది గరిష్ఠ పరిమితి మాత్రమే. ఎందుకు అంత వేశారో ఒక్క ముక్క రాయకపోతే కోర్టు తగ్గించొచ్చు, లేదా మళ్లీ విచారించమని వెనక్కి పంపొచ్చు, అప్పుడు మీ టైమంతా వృథా. కాబట్టి అధికారి ముందే ఇవన్నీ రికార్డులోకి ఎక్కించండి: ఎన్నాళ్లుగా తక్కువ ఇస్తున్నారు, ముందే రాతపూర్వకంగా అడిగారా, ఇన్‌స్పెక్షన్‌లో ఏం తేలింది, రిజిస్టర్లు తెమ్మంటే తెచ్చారా. కోడ్ ప్రకారం జీతం సరిగ్గా ఇచ్చామని రుజువు చేసుకోవాల్సింది యజమానే, ఇది లిఖితపూర్వక వాదనలో తప్పకుండా రాయండి.

కంపెనీ నష్టాల్లో ఉందన్న వాదన ఎలాగూ వస్తుంది. కనీస వేతనానికి యజమాని స్తోమతతో సంబంధం లేదని సుప్రీంకోర్టు 1961లోనే ఉన్నిచోయి కేసులో చెప్పింది. 1982లో ఢిల్లీ ఆసియా క్రీడల నిర్మాణ కూలీల కేసులో ఇంకా గట్టిగా చెప్పింది, కనీస వేతనం ఇవ్వకుండా పని చేయించుకోవడం రాజ్యాంగం 23వ అధికరణ నిషేధించిన బలవంతపు చాకిరీ అని. రిట్‌కి మీరు వేసే జవాబులో, అంటే కౌంటర్‌లో, ఈ రెండూ ఉండాలి.

ఇక స్టే సంగతి, నాకు అన్నిటికంటే ముఖ్యంగా అనిపించేది ఇదే. ఆర్డర్ రాగానే లాయర్‌తో హైకోర్టులో కేవియట్ (మమ్మల్ని వినకుండా ఆర్డర్ ఇవ్వొద్దని ముందే పెట్టుకునే అర్జీ) వేయించండి, 90 రోజులు ఉంటుంది, మీకు తెలియకుండా స్టే ఇచ్చే అవకాశం తగ్గుతుంది. అయినా మిమ్మల్ని వినకుండానే స్టే ఇచ్చేస్తే వెంటనే దాన్ని ఎత్తేయమని పిటిషన్ వేయండి, రెండు వారాల్లో తేల్చాలని రాజ్యాంగం 226(3) అధికరణే చెబుతోంది. ఆరు నెలలైతే స్టే దానంతటదే పోతుందని ఇప్పటికీ కొందరు చెబుతుంటారు, నమ్మకండి, 2024 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం ఆ పద్ధతిని కొట్టేసింది. స్టే ఎత్తేయడం కుదరకపోతే కనీసం తేడా సొమ్మంతా డిపాజిట్ చేయించి, దాన్ని కార్మికులు తీసుకునేలా ఆర్డర్ అడగండి. పరిహారం మీద గొడవ ఎంతకాలం నడిచినా, చేసిన పనికి రావాల్సిన కూలి మాత్రం ఆగకూడదు కదా.

లాయర్ ఫీజు టెన్షన్ పెట్టుకోకండి. న్యాయసేవల చట్టం ప్రకారం పారిశ్రామిక కార్మికులకూ, మహిళలకూ, ఎస్సీ ఎస్టీలకూ ఉచితంగా లాయర్‌ని ఇస్తారు. 15100కి ఫోన్ చేయండి, లేదా హైకోర్టు న్యాయసేవల కమిటీకి అర్జీ పెట్టండి.

రిట్ కొట్టేస్తే సర్టిఫైడ్ కాపీ తీసుకుని అధికారి దగ్గరికి వెళ్లి రికవరీ సర్టిఫికెట్ కలెక్టర్‌కి పంపమని రాతపూర్వకంగా అడగండి. కోడ్ ప్రకారం భూమి శిస్తు బకాయిలాగే వసూలు చేయాలి. యజమాని హైకోర్టులోనే ఇద్దరు జడ్జీల డివిజన్ బెంచ్‌కి రిట్ అప్పీల్ వేయొచ్చు కాబట్టి అదే వారంలో ఇంకో కేవియట్ వేయించండి.